జాన్ కసవెటీస్ ఐదు సినిమాల డీవీడీ సెట్: చివరి డిస్కును చివరికే ఉంచండి

2004లో వెలువడిన ఈ సెట్‌లో మొత్తం ఎనిమిది డీవీడీలు ఉన్నాయి. అమెరికన్ స్వతంత్ర దర్శకుడు జాన్ కసవెటీస్ (1929–1989) తీసిన ‘షాడోస్’, ‘ఫేసెస్’, ‘ఎ వుమన్ అండర్ ది ఇన్‌ఫ్లుయెన్స్’, ‘ది కిల్లింగ్ ఆఫ్ ఎ చైనీస్ బుకీ’, ‘ఓపెనింగ్ నైట్’ చిత్రాలతో పాటు, ఆయన జీవితంపై 2000లో వచ్చిన డాక్యుమెంటరీకి ఒక డిస్కును ప్రత్యేకంగా కేటాయించారు. మనిషి గురించి తెలుసుకున్నాకే సినిమాల జోలికి వెళ్దామన్న ఉద్దేశంతో నేను ఆ డిస్కునే ముందు పెట్టుకున్నాను. అది పొరపాటని రెండో గంటలోకి వచ్చేసరికి అర్థమైంది. మూడు గంటలు దాటిన ఆ డాక్యుమెంటరీలో సహనటులు, మిత్రులు వంతులవారీగా ఆయనను కొనియాడుతూ ఉంటారు. ఆ మాటల్లోని ఆప్యాయతను శంకించనక్కరలేదు గానీ, సినిమాలు చూడనివాడికి అవి పరిచయం లేని పెద్దమనిషి సన్మానసభలో కూర్చున్నట్టే ఉంటాయి.

అసలైన జీవితచరిత్ర మిగతా ఏడు డిస్కుల్లో ఉంది. న్యూయార్క్‌లో నటులకు వర్క్‌షాప్ నడుపుతున్న రోజుల్లో, 1957లో, కసవెటీస్ ఒక రాత్రి రేడియో కార్యక్రమానికి వెళ్లి, మామూలు మనుషుల గురించి సినిమా రావాలంటే మామూలు మనుషులే డబ్బు పెట్టాలని అన్నారు. శ్రోతలు నిజంగానే డబ్బు పంపడం మొదలుపెట్టారు. ‘షాడోస్’ పుట్టింది అలా. 1958లో ప్రదర్శించిన రూపం తనకే నచ్చక, చాలా భాగాన్ని మళ్లీ చిత్రీకరించి 1959లో రెండో రూపాన్ని తెచ్చారు. సినిమా చివర ఇదంతా అప్పటికప్పుడు అల్లుకున్న నటనేనని తెరపై అక్షరాలు పడతాయి గానీ, రెండో రూపంలో ముందుగా రాసుకున్న సన్నివేశాలు తక్కువేమీ కాదు. మొదటి రూపం ఈ సెట్‌లో లేదు. రెండింటినీ పక్కపక్కన పెట్టి చూసే అవకాశం ఉంటే ఈ డిస్కు విలువ రెట్టింపయ్యేది.

ఆ తరువాత ఆయన హాలీవుడ్ స్టూడియోల కోసం రెండు సినిమాలు చేశారు. రెండోదాన్ని నిర్మాత తన ఇష్టప్రకారం తిరిగి ఎడిట్ చేయించడంతో పెద్ద గొడవైంది. ఆ సినిమాలేవీ ఇందులో లేవు కనుక, ‘షాడోస్’ నుంచి ‘ఫేసెస్’కు దూకే ప్రేక్షకుడు ఈ దర్శకుడు తన ఇంట్లోనే ఎందుకు షూటింగ్ పెట్టుకోవలసి వచ్చిందో వేరేచోట తెలుసుకోవాలి. 1965లో 16 ఎంఎం ఫిల్మ్‌పై తీసిన ‘ఫేసెస్’ ఎడిటింగ్ పూర్తయి 1968లో విడుదలయ్యేదాకా, ఇతరుల సినిమాల్లో వేషాలు వేసి సంపాదించిన డబ్బునే ఆయన దీనిపై ఖర్చు పెట్టారు. చివరికి అది మూడు ఆస్కార్ నామినేషన్లు తెచ్చుకుంది.

నా దృష్టిలో సెట్ మొత్తంలో అత్యంత విలువైన అదనపు అంశం ఈ సినిమాతోనే ఉంది: ఫ్రెంచ్ టెలివిజన్ వారు తీసిన 48 నిమిషాల కార్యక్రమం. మొదటి సగం 1965 నాటిది; సినిమా ఇంకా ఎడిటింగ్ బల్ల మీదే ఉంది, కసవెటీస్ తన ఇంటిని, పనిని చూపిస్తూ పట్టరాని ఉత్సాహంతో మాట్లాడుతుంటారు. రెండో సగానికి మూడేళ్లు గడిచాయి, సినిమా పూర్తయింది. ఒకే పనిని పట్టుకుని మూడేళ్లు వేలాడిన మనిషి ముందూ తరువాతా ఎలా ఉంటాడో పక్కపక్కనే కనిపిస్తుంది. మూడు గంటల డాక్యుమెంటరీ ఇవ్వలేనిది ఇదే.

‘ఎ వుమన్ అండర్ ది ఇన్‌ఫ్లుయెన్స్’ (1974) కోసం కసవెటీస్ ఇల్లు తాకట్టు పెట్టారు. కథానాయకుడు పీటర్ ఫాక్ సొంత డబ్బు 5 లక్షల డాలర్లు పెట్టారు. కొనేవారు లేక పంపిణీ కూడా తామే చేసుకున్నారు. రాత్రి డ్యూటీ దిగిన కూలీలను నిక్ (ఫాక్ పాత్ర) ఇంటికి తీసుకువస్తే, భార్య మేబెల్ అందరికీ స్పఘెట్టి వడ్డిస్తుంది. ఒకరు పాట అందుకుంటారు, ఆమె మురిసిపోతుంది, ఇంకొకరిని డ్యాన్స్ చేయమని చనువుగా బతిమాలుతూ ఉండగా నిక్ ఒక్క అరుపుతో ఆమెను కూర్చోబెడతాడు. ఆ తరువాత బల్ల చుట్టూ ఎవరి కళ్లు ఎవరినీ కలవవు. మేబెల్‌గా నటించిన జీనా రోలండ్స్ దర్శకుడి భార్య. సినిమాలో అత్తగారు ఆయన సొంత తల్లి, మేబెల్ తల్లి రోలండ్స్ సొంత తల్లి. ఈ డిస్కులో సినిమా నడుస్తుండగా వినిపించే వ్యాఖ్యానం చెప్పినవారు విమర్శకులు కారు, శబ్దం రికార్డు చేసిన బో హార్వుడ్, కెమెరా పట్టిన మైక్ ఫెర్రిస్. పని తెలిసినవాళ్లు చెప్పుకునే కబుర్లకు ఉండే రుచి వేరు.

‘చైనీస్ బుకీ’ని రెండు రూపాల్లోనూ ఇవ్వడం మెచ్చుకోదగిన నిర్ణయం. 1976లో 135 నిమిషాలతో వచ్చి పరాజయం పాలైన ఆ చిత్రాన్ని ఆయనే 1978లో 108 నిమిషాలకు కుదించారు. కుదించినది చురుకుగా నడుస్తుంది గానీ, అప్పుల్లో మునిగినా క్లబ్బు పరువు కోసం తాపత్రయపడే యజమాని కాస్మో మీద జాలి నాకు పొడవైన రూపంలోనే కలిగింది. ‘ఓపెనింగ్ నైట్’ (1977)లో రోలండ్స్ నటనకు మించి చెప్పవలసింది లేదు. నిడివి మాత్రం ఓపికను పరీక్షిస్తుంది.

లోటు ముగింపులో ఉంది. 1984లో బెర్లిన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ బేర్ అందుకున్న ‘లవ్ స్ట్రీమ్స్’ లేకపోవడంతో ఈ సెట్ ఆయన కథను 1970ల చివరలోనే ఆపేస్తుంది. మరో మాట: ఇవి రీజియన్ 1, అంటే అమెరికా, కెనడా ప్లేయర్ల కోసం చేసిన డిస్కులు కనుక, కొనేముందు మీ ప్లేయర్ వాటిని తీసుకుంటుందో లేదో చూసుకోండి. తీసుకునేటట్టయితే 1974 నాటి చిత్రంతో మొదలుపెట్టండి, వెంటనే ‘ఫేసెస్’తో ఉన్న ఫ్రెంచ్ కార్యక్రమం చూడండి, డాక్యుమెంటరీ డిస్కు అన్నీ అయ్యాక, తీరిక ఉంటేనే.