కొమాంచీ నేర్వాలా, షోషోనీ నేర్వాలా?

అమెరికా మూలవాసుల భాషల్లో ఒకదానిని శ్రద్ధగా చదవదలచినవారికి ఈ రెండింటి మధ్య ఎంపిక సులభం కాదు. రెండూ ఉటో-అజ్టెకన్ భాషాకుటుంబంలోని న్యూమిక్ శాఖకు చెందినవే; 1700 ప్రాంతానికి షోషోనీల నుండి వేరుపడి, గుర్రాలను చేపట్టి, అమెరికా దక్షిణ మైదానాలకు తరలివచ్చినవారే కొమాంచీలు.

లిపి విషయంలో కొమాంచీ సుగమం. 1994లో ఆ జాతి ఒకే అధికారిక వర్ణమాలను ఆమోదించింది. ఊపిరితో మాత్రమే పలికే అచ్చుల కింద అందులో గీత గీస్తారు. షోషోనీకి ప్రాంతాన్ని బట్టి వేర్వేరు రాతపద్ధతులున్నాయి.

మాట్లాడేవారి విషయంలో షోషోనీదే పైచేయి. నెవాడా, యూటా, ఐడహో, వయోమింగ్‌లలో ఆ భాష వినిపిస్తుంది. ఐడహో స్టేట్ విశ్వవిద్యాలయంలో బోధించారు కూడా. కొమాంచీ మాతృభాషగా గలవారు కొద్దిమందే మిగిలారు. 1875లో కొమాంచీ నాయకుడు క్వానా పార్కర్ బృందం ఫోర్ట్ సిల్ అనే అమెరికా సైనిక స్థావరంలో లొంగిపోయిన తరువాత, వసతి పాఠశాలల్లో పిల్లలు సొంత భాష మాట్లాడితే శిక్షించేవారు. అదే భాషలో 1944లో, రెండో ప్రపంచయుద్ధంలో, ఫ్రాన్స్‌లోని నార్మండీలో ‘యూటా’ అనే సంకేతనామం గల తీరం నుండి అమెరికా సైన్యంలోని కొమాంచీ సైనికులు రహస్య సందేశాలు పంపవలసిరావడం విడ్డూరమే.

శ్రమ: వ్యాకరణం రెండింటా దాదాపు సమానమే.
ప్రమాదం: కొమాంచీలో ఉచ్చారణ దిద్దే పెద్దలు దొరకకపోవచ్చు, షోషోనీలో మాండలికాలు కలగాపులగం కావచ్చు.

సంభాషణే లక్ష్యమైతే షోషోనీని ఎంచుకోవడం మేలు. మైదానాల చరిత్రపై ఆసక్తి ఉన్నా, ఓక్లహోమాలోని లాటన్ పరిసరాల్లో నివసిస్తున్నా, కొమాంచీయే తగినది.