పెళ్లి కెమెరానా, కృష్ణానగర్ అసిస్టెంటా?

నల్లగొండలో పెళ్లి వీడియోలు తీసే తమ్ముళ్లు తరచూ అడుగుతుంటారు: "అన్నా, చిన్న సినిమాలకు కెమెరామన్ కావాలంటే ఇక్కడే ఉండాలా, హైదరాబాద్ పోయి అసిస్టెంట్‌గా చేరాలా?" నేను ఆరేళ్లు పెళ్లిళ్లు తీశాను, మూడేళ్లు హైదరాబాద్‌లో సినిమా పనివాళ్లుండే కృష్ణానగర్‌లో అసిస్టెంట్‌గా ఉన్నాను.

పైసల లెక్కలో పెళ్లిళ్లదే పైచేయి. బయానా ముందే చేతికొస్తుంది. ఆషాఢంలో మాత్రం గిరాకీ ఉండదు, ఈఎంఐ ఆగదు. అసిస్టెంట్‌కైతే షూటింగ్ ఉన్న రోజే కూలి. మిగతా రోజుల్లో గది అద్దె టెన్షనే.

పనితనం సంగతి వేరు. జీలకర్ర బెల్లం ఒక్కసారే పెడతారు, రీటేక్ అడగలేం. ఆ చురుకు పెళ్లిళ్లలోనే వస్తుంది. ఓసారి ఫంక్షన్ హాల్లో లైట్లకు వీడియో అంతా చారలు కొట్టింది. మన కరెంటు 50 హెర్ట్జ్, లైట్లు ఆ లయలోనే మిణుకుతాయి, అందుకే షటర్ సెకనులో 50వ వంతులోనో 100వ వంతులోనో ఉండాలని ఆ రాత్రే తెలిసింది. తిట్లు తిని నేర్చుకున్న పాఠం, మర్చిపోను.

అయితే పెళ్లిలో చీకటి పనికిరాదు. అందరి మొహాలూ తెల్లగా వెలగాలి. వెలుగును తగ్గించడం నాకు కృష్ణానగరే నేర్పింది. మొదటి ఆరు నెలలు లెన్స్ పెట్టెలు మోశాను. తర్వాత ఫోకస్ కోసం టేపు పట్టుకుని నటుడి కంటి నుంచి కెమెరా దాకా దూరం కొలిచాను. బెత్తెడు అటూ ఇటూ అయితే కన్ను మసక. లైట్‌బాయ్‌లతో కలిసి కిటికీలకు నల్లగుడ్డలు కట్టాను.

ఆ తర్వాత ఓ పండక్కి ఊరొచ్చి పానగల్లు ఛాయా సోమేశ్వరాలయానికి పోయాను. గర్భగుడిలో లింగం వెనక పడే నీడ పొద్దంతా కదలదు. చిన్నప్పుడు మహిమ అనుకునేవాణ్ని. ఈసారి చూస్తే అర్థమైంది: ఎండ నేరుగా లోపలికి రావడం లేదు, చెదిరి వచ్చే వెలుగుకు స్తంభాలు అడ్డుపడుతున్నాయి. గంటసేపు అక్కడే కూర్చున్నాను. పూజారి గారు మొక్కు ఉందేమో అనుకున్నారు.

పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ మూడో దారి. మన తెలంగాణ కథ 'దాసి' సినిమాకి ఛాయాగ్రహణంలో జాతీయ అవార్డు తెచ్చిన అపూర్వ కిశోర్ బీర్ అక్కడ చదివినవారే. డిగ్రీ, ఇంట్లో స్తోమత రెండూ ఉంటే ఆలోచించొచ్చు.

లేనివాళ్లకు నా మాట: రెండేళ్లు అసిస్టెంట్‌గా పోండి, అంతకు మించి వద్దు. మూడో ఏడు నేను కొత్తగా నేర్చుకున్నది తక్కువ. వచ్చాక పెళ్లిళ్లు మానకండి. అప్పు చేసి సినిమా కెమెరా కొనకండి, అద్దెకు తెచ్చుకోండి. నేను తీసిన మొదటి చిన్న సినిమా నిర్మాత సగం డబ్బు ఇప్పటికీ ఇవ్వలేదు. ఆ కెమెరా అద్దె కట్టింది మిర్యాలగూడలో తీసిన రెండు పెళ్లిళ్ల పైసలతోనే.