ప్లాస్టిక్ గడ్డికి అంచు: నాలుగేళ్లు, మూడు రకాలు

గడ్డి కొనేటప్పుడు రెండు వారాలు తిరిగాను. పోచ ఎత్తు 35 మిల్లీమీటర్లా, 40 మిల్లీమీటర్లా, ముదురు ఆకుపచ్చా, మధ్యలో ఎండుపోచలు కలిసిందా అని ఇంట్లో పెద్ద చర్చే జరిగింది. అంచుకు ఏం వేయమంటారని అడిగితే మాత్రం "ఏదో ఒకటి వేసేయండి" అన్నాను. ఆ తర్వాత నా డబ్బూ, ఆదివారాలూ తిన్నది ఆ 'ఏదో ఒకటే'.

మాది హైదరాబాద్‌లో నాగోలు వైపు. ఇంటి ముందు 12 అడుగుల వెడల్పు, 18 అడుగుల పొడవున ఖాళీ జాగా. పొడుగు వైపుల్లో ఒకటి కాంపౌండ్ గోడ, రెండోది మొక్కల మడి. పొట్టి వైపుల్లో ఒకటి వరండా టైల్స్, ఇంకోటి కారు నిలిపే చోటు. 2021 ఫిబ్రవరిలో గడ్డి పరిపించాం. మడి వైపు, కారు వైపు నల్లటి ప్లాస్టిక్ స్ట్రిప్ నిలబెట్టి మేకులు కొట్టారు. వరండా వైపు గమ్ముతో సరిపెట్టారు.

ప్లాస్టిక్ స్ట్రిప్ ఏప్రిల్ దాకా బాగానే ఉంది. ఎండలు ముదిరాక పాములా మెలికలు తిరిగింది. పీవీసీ వేడికి బాగా సాగుతుంది. 30 డిగ్రీల తేడాకు మూడు మీటర్ల ముక్క సుమారు అయిదు మిల్లీమీటర్లు పెరుగుతుంది. మావాళ్లు సందు లేకుండా ముక్కకు ముక్క ఆనించి బిగించారు, ఇక అది పక్కకు వంగక ఏం చేస్తుంది? పైగా మేకులు దిగింది మడి మట్టిలోకి. మొక్కలకు నీళ్లు పోసినప్పుడల్లా మట్టి నాని మేకులు వదులయ్యేవి. మామూలు ఇనుప మేకులు కావడంతో తుప్పు మరకలు అదనం.

అసలు దెబ్బ 2022 జులైలో. వారం పాటు వదలని ముసురు. మడిలోని ఎర్రమట్టి స్ట్రిప్ కింద నుంచి గడ్డి కిందికి చేరింది. వాన వెలిశాక అంచు మీద నడిస్తే కాలు దిగబడేది. అది చాలదన్నట్టు ఒక పందికొక్కు స్ట్రిప్ పక్కనే బొరియ పెట్టి, గడ్డి కింద పరిచిన రాతి డస్టంతా రాత్రికి రాత్రి బయటికి తోడి పోసింది. అప్పుడు పిలిపించిన మేస్త్రీ ఒక మూల గడ్డి ఎత్తి చూసి, "సార్, మీరు చాప కొన్నరు, గట్టు కొనలే" అన్నాడు.

ఆయన చెప్పినట్టే ఆ రెండు వైపులా తాండూరు బండ పెట్టించాను. అంగుళం మందం, ఆరంగుళాల వెడల్పున ముక్కలు కోయించి నిలువుగా పాతాడు. అయిదంగుళాలు భూమిలోకి, ఒక్క అంగుళం పైకి. మా గడ్డి 35 మిల్లీమీటర్లు కాబట్టి బండ తల గడ్డి కొసల కంటే సెంటీమీటరు కిందే ఉంటుంది, నిలబడి చూస్తే కనిపించదు. బయటి వైపు కాంక్రీటు ఒత్తు పోసి, లోపలి వైపు కంకర, దాని మీద డస్టు వేసి దిమ్మిసతో కొట్టించాడు. మడిలో మట్టిని కూడా బండ తల కంటే రెండంగుళాలు కిందికి దింపించాడు. నాకు అప్పుడు చాదస్తం అనిపించింది. ఆ తర్వాత ఎన్ని వానలు పడినా మట్టి లోపలికి రాకపోవడానికి అసలు కారణం అదే. అంచు నిలిచాక దానికి సరిపడా గడ్డిని వెనక నుంచి బ్లేడుతో కోసి, తుప్పు పట్టకుండా జింకు పూత ఉండే జీఐ మేకులతో బిగించారు. మొదటిసారి జరిగింది దీనికి తలకిందులు: గడ్డి ముందు, అంచు తర్వాత.

ఇక్కడ నా తెలివి ఒకటుంది. నీళ్లు పోయే వాటం కారు వైపుకు, 18 అడుగులకు రెండంగుళాలు. ఆ వైపు బండల మధ్య వేలు పట్టేంత సందులు వదిలితే, పళ్లు ఊడినట్టుందని సిమెంటు పెట్టించేశాను. మొదటి పెద్ద వానకే ఆ చివర తొట్టి అయింది. గ్రైండర్ పట్టుకుని మేస్త్రీ మళ్లీ వచ్చాడు, ఏమీ అనలేదు. అనకపోవడమే ఎక్కువ అనిపించింది.

వరండా వైపు గమ్ము ఊడిపోవడంతో రాణీగంజ్ నుంచి 12 అడుగుల అల్యూమినియం యాంగిల్ (L ఆకారంలో ఉండే పట్టీ) తెచ్చి స్క్రూలతో బిగించాం. అల్యూమినియం ఎండకు పీవీసీ అంత సాగదు, ఇన్నేళ్లలో గీత తప్పలేదు. చూడ్డానికి మూడింటిలో ఇదే నీట్. కానీ కోసిన చివరలు కత్తుల్లా ఉంటాయి. ఆ ఏడాది బతుకమ్మ మా ముంగిట్లోనే ఆడారు. చుట్టూ తిరుగుతుంటే మా అన్న కూతురి బొటనవేలు చీరుకుపోయింది. మర్నాడు ఆకురాయి పెట్టి చివరలన్నీ అరగదీశాను. మే నెల మధ్యాహ్నం దాని మీద ఒట్టి కాలు పెట్టలేం. ఆ మాటకొస్తే గడ్డి మీదా పెట్టలేం, నీళ్లు చల్లాల్సిందే.

మళ్లీ చేయించాల్సి వస్తే మట్టి ఆనే చోటల్లా బండే, టైల్స్ పక్కన అల్యూమినియం. బండ ధర కంటే దాని కోతకు, కూలికి అయ్యే ఖర్చే ఎక్కువ, అయినా సరే. ప్లాస్టిక్ స్ట్రిప్ బాల్కనీ కుండీల చుట్టూ అయితే చాలు.

గోడ వైపు ఏ అంచూ పెట్టలేదు, గడ్డిని గోడకు ఆనించి వదిలేశాం. ఆ సందులోంచి నిజం గరిక మొలుస్తూనే ఉంటుంది, ఎన్నిసార్లు పీకినా వస్తుంది. మొన్న వినాయక చవితికి పూజలోకి అమ్మ అక్కడే తెంపుకుంది. దాని జోలికి పోవద్దని నాకు ఆర్డరు.