షాపు ముందు, ఆట తర్వాత: సీజనల్ ఈవెంట్ల మీద నా రివ్యూ

ఆన్‌లైన్ గేముల్లో పండగలకీ సీజన్లకీ కొద్ది రోజులు మాత్రమే నడిచే సీజనల్ ఈవెంట్ మొదలైందనగానే చాలామంది మ్యాప్‌లో కొత్తగా మెరుస్తున్న గుర్తు దగ్గరికి పరుగెత్తుతారు. నేను నేరుగా ఈవెంట్ షాపుకి వెళ్తాను. ఏం అమ్ముతున్నారు, ఒక్కోదానికి ఎన్ని టోకెన్లు (ఈవెంట్ ఆడితే వచ్చే, ఆ షాపులోనే చెల్లే డబ్బు), ఇప్పుడు తప్ప ఇంకెప్పుడూ దొరకనిది ఏది, మామూలు రోజుల్లో కూడా దొరికేది ఏది, ఇవన్నీ చూసుకున్నాకే ఆట మొదలుపెడతాను. వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్, గిల్డ్ వార్స్ 2, ఫైనల్ ఫాంటసీ 14, గెన్షిన్ ఇంపాక్ట్, పోకెమాన్ గో, మధ్యమధ్యలో కాస్త ఫోర్ట్‌నైట్... ఇన్నేళ్లుగా ఇన్ని గేముల్లో ఈవెంట్లు ఆడాక నాకు గట్టిగా నిలిచిన అలవాటు ఇదొక్కటే. మిగతా చిట్కాలన్నీ దీనికి తోకలే.

ఈవెంట్ షాపుని తయారుచేసేదే అన్నీ కొనాలనిపించేలా. పై వరసలో ఒక మౌంటో (ఎక్కి తిరిగే వాహనం) స్కినో (పాత్ర వేషం) ఉంటుంది, దాని కింద అప్‌గ్రేడ్ సామాన్లు, అట్టడుగున ఎన్నిసార్లయినా కొనుక్కోగలిగే గేమ్ డబ్బు. ఆ అట్టడుగు వరస ఉన్నది మిగిలిపోయిన టోకెన్లు ఖర్చు పెట్టుకోడానికి, దాని కోసం కూర్చుని గ్రైండ్ చేయడం, అంటే చేసిందే మళ్లీ మళ్లీ చేయడం, దాదాపు ఎప్పుడూ దండగ, ఎందుకంటే అదే టైమ్ మామూలు ఆటలో పెడితే అంతకంటే ఎక్కువే వస్తుంది. మీకు నిజంగా కావాల్సినవాటి ఖరీదు కూడి, రోజుకి గరిష్ఠంగా వచ్చే టోకెన్లతో భాగించండి. ఎన్ని రోజులు ఆడాలో తేలిపోతుంది, చాలాసార్లు ఆ లెక్క ఈవెంట్ మొత్తం రోజుల కంటే తక్కువే వస్తుంది.

ఇక్కడ ఒక మెలిక ఉంది. టోకెన్లకి రోజువారీ పరిమితి ఉన్న ఈవెంట్ వేరు, పరిమితి లేని ఈవెంట్ వేరు. మొదటి రకంలో పోయిన రోజు పోయినట్టే, కాబట్టి మొదటి వారమే డైలీలు (రోజువారీ పనులు) చేసేసుకుని చివరి రోజులు ఖాళీగా ఉంచుకోవాలి, జ్వరమొచ్చినా సర్వర్ పడిపోయినా ఇబ్బంది ఉండదు. రెండో రకంలో తొందరే లేదు. పైగా మొదటి రెండు రోజులు ఆగితే ఏ పద్ధతిలో టోకెన్లు త్వరగా వస్తున్నాయో మిగతా ఆటగాళ్లే కనిపెట్టి పెడతారు. చాలా గేముల్లో పెద్ద బగ్గులన్నీ బయటపడేది కూడా ఆ రెండు రోజుల్లోనే.

తర్వాత తేల్చుకోవాల్సింది, ఈ వస్తువు వచ్చే ఏడాది మళ్లీ వస్తుందా రాదా అని. టెన్షన్ మొత్తం ఈ ప్రశ్న మీదే నడుస్తుంది, కంపెనీలకీ ఆ సంగతి బాగా తెలుసు.

వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ పండగలు దాదాపు అన్నీ ఏటా అదే సమయానికి తిరిగొస్తాయి. అక్కడి హాలోవీన్ పండగ హాలోస్ ఎండ్ అక్టోబర్ 18న మొదలై నవంబర్ 1న ముగుస్తుంది, తేదీలన్నీ గేమ్‌లోని క్యాలెండర్‌లోనే కనిపిస్తాయి. ఈ ఏడాది పండగ టోపీ రాకపోతే వచ్చే ఏడాది వస్తుంది, అంతే. ఇక్కడ ఇబ్బంది పెట్టేది అదృష్టం మీద ఆధారపడినవి: ఆ పండగ బాస్ (పెద్ద శత్రువు) హెడ్‌లెస్ హార్స్‌మన్‌ని కొడితే ఎప్పుడో ఒకసారి దొరికే గుర్రం లాంటివి. బాస్‌ని కొట్టడం రెండు మూడు నిమిషాల పనే, కానీ గుర్రం ఎప్పుడు పడుతుందో ఎవరూ చెప్పలేరు, ఏళ్లకేళ్లు తిరిగినా దొరకనివాళ్లు ప్రతి గిల్డ్‌లోనూ (ఆటగాళ్ల బృందంలోనూ) ఉంటారు. అలాంటివాటికి నేను పెట్టుకున్న హద్దు ఏంటంటే, రోజుకి ఒక క్యారెక్టర్‌తో ఒకసారి కొట్టి వదిలేయడం. తమ అదనపు క్యారెక్టర్లు (ఆల్ట్‌లు) అన్నిటినీ వరసగా లాగిన్ చేసి కొట్టేవాళ్లని చూశాను, రెండో వారానికి వాళ్ల మొహంలో పండగ కళ ఏమీ ఉండదు.

అదే గేమ్‌లో 2008లో వచ్చిన 'వాట్ ఎ లాంగ్, స్ట్రేంజ్ ట్రిప్ ఇట్స్ బీన్' అచీవ్‌మెంట్ (గేమ్ పెట్టిన లక్ష్యాలు పూర్తి చేస్తే దక్కే గుర్తింపు) మాత్రం నాకు చాలా ఇష్టం. ఏడాది పొడవునా వచ్చే పండగల అచీవ్‌మెంట్లన్నీ పూర్తి చేస్తే వయొలెట్ ప్రోటో డ్రేక్ అనే డ్రాగన్ వస్తుంది. అదృష్టంతో పని లేదు, ఓపిక ఉంటే చాలు. అయితే ఒకప్పుడు అందులో చిల్డ్రన్స్ వీక్ పండగకి 'స్కూల్ ఆఫ్ హార్డ్ నాక్స్' అని ఒకటి ఉండేది, అనాథ పిల్లాడిని వెంటేసుకుని ఆటగాళ్లు జట్లుగా కొట్టుకునే బ్యాటిల్‌గ్రౌండ్లకి వెళ్లి జెండాలు లాక్కురావాల్సి వచ్చేది. జన్మలో పీవీపీ (ఆటగాడితో ఆటగాడి పోరు) ఆడనివాళ్లందరూ ఆ వారం అక్కడే తేలేవారు, రోజూ ఆడేవాళ్లు తల పట్టుకునేవారు, పిల్లాడు మాత్రం అంత గొడవలోనూ హాయిగా వెంట తిరుగుతుండేవాడు. ఇలాంటి బహుమతి మీద కన్నేస్తే అన్నిటికంటే చిరాకు పెట్టే పండగ ఏదో ముందే చూసుకుని, ఆ వారం తీరిక ఉంచుకోండి. అది తప్పితే మళ్లీ ఏడాది ఆగాల్సిందే.

మొత్తం మీద నాకు నచ్చిన పద్ధతి గిల్డ్ వార్స్ 2ది. పండగలు ఏటా తిరిగొస్తాయి. హాలోవీన్‌లో దొరికే క్యాండీ కార్న్ అనే మిఠాయి పండగ అయ్యాక మాయమైపోదు, బ్యాంకులోనే ఉంటుంది, ట్రిక్ ఆర్ ట్రీట్ అనే బహుమతి సంచులు ట్రేడింగ్ పోస్ట్‌లో (గేమ్‌లో ఆటగాళ్ల సంత) కొనుక్కోవచ్చు, అమ్ముకోవచ్చు. దీంతో ఆడే తీరే మారిపోతుంది. ఈవెంట్ మొదలైన తొలి రోజుల్లో సరుకు తక్కువ, ఆత్రం ఎక్కువ, కాబట్టి కొత్త వస్తువుల ధర మండిపోతుంది, మీకు దొరికినవి అమ్మేయాల్సింది అప్పుడే. చివరి రోజులకి అందరి దగ్గరా గుట్టలు పడి ధర దిగుతుంది, కొనాల్సింది అప్పుడు. గ్రైండ్ చేయడం నచ్చకపోతే మీకు నచ్చిన పని చేసి గోల్డ్ సంపాదించి, ఆ గోల్డ్‌తో సంచులు కొనుక్కోవచ్చు, ఎవరూ కాదనరు. మ్యాడ్ కింగ్స్ క్లాక్ టవర్ అనే జంపింగ్ పజిల్ ఒకటుంటుంది, కింది నుంచి పచ్చటి పొగ తరుముకొస్తుంటే గోడలూ గేర్లూ పట్టుకుని ఎగబాకాలి. దానికి మాత్రం డబ్బుతో పని జరగదు. నిదానంగా చూసుకుని దూకడం కుదరదు, దారి మొత్తం వేళ్లకి కంఠతా రావాలి. మొదటిసారి పైకి చేరినప్పుడు నాకు కలిగిన సంతోషం ఏ స్కిన్ కొన్నప్పుడూ కలగలేదు.

ఫైనల్ ఫాంటసీ 14 దీనికి పూర్తిగా వేరు. చిన్న కథ, రెండు మూడు క్వెస్టులు (అప్పగించిన పనులు), ఒక దుస్తుల సెట్టో బొమ్మో చేతిలో పెట్టి పంపించేస్తారు. మామూలుగా ఒక్కసారి కూర్చుంటే అయిపోతుంది. ఇంతేనా అని విసుక్కునేవాళ్లున్నారు గానీ, పని ఒత్తిడి ఉన్న నెలల్లో నాకు ఈవెంట్ అంటే ఇలాగే ఉండాలనిపిస్తుంది. తప్పిపోయిన పాత బహుమతులు చాలావరకు తర్వాత వాళ్ల ఆన్‌లైన్ స్టోర్‌లో అసలు డబ్బుకి దొరుకుతాయి. అది మంచిదా చెడ్డదా అని వాదించుకోవచ్చు, నా మటుకు నాకు ఎప్పటికీ దొరకకపోవడం కంటే ఇదే మేలు.

గెన్షిన్ ఇంపాక్ట్‌కి వచ్చేసరికి లెక్క మారుతుంది. లాంతర్ రైట్ పండగ 2021 ఫిబ్రవరి నుంచి ఏటా వస్తోంది, కానీ ప్రతిసారీ కథ కొత్తది, మినీ గేములు కొత్తవి, నిరుటి కథ మళ్లీ ఆడదామంటే కుదరదు. కాబట్టి ఈ రకం గేముల్లో ముందు కథ భాగం పూర్తి చేయండి, మినీ గేముల్లో పెద్ద స్కోర్ల సంగతి తర్వాత. ప్రిమోజెమ్‌లు (కొత్త పాత్రల కోసం ఖర్చు పెట్టే రత్నాలు) చాలావరకు తేలిక స్థాయిలోనే వచ్చేస్తాయి, కష్టమైన స్థాయిలో అదనంగా ఇచ్చేది ఎక్కువగా చిల్లర సామానే. ముందు పూర్తి చేయాల్సిన కథ మిగిలిపోయినవాళ్లకి క్విక్ స్టార్ట్ అనే బటన్ ఇస్తారు, అది నొక్కితే బహుమతులు అందుతాయి గానీ పాత్రలు ఎవరో, ఎందుకు ఏడుస్తున్నారో అర్థం కాదు. బహుమతే ముఖ్యమనుకుంటే నొక్కేయండి. బహుమతులు తీసుకోడానికి ఖర్చయ్యే శక్తి, రెజిన్ సంగతి కూడా: 8 నిమిషాలకి ఒకటి చొప్పున నిండుతుంది, 2024లో పరిమితిని 160 నుంచి 200కి పెంచాక పూర్తిగా నిండడానికి ఒక రోజు దాటుతుంది. అంటే రోజుకోసారి లాగిన్ అయితే ఏదీ వృథా పోదు. ఈవెంట్ పేరు చెప్పి రోజుకి నాలుగుసార్లు గేమ్ తెరవాల్సిన పనేమీ లేదు.

పోకెమాన్ గోలో నెలనెలా ఒక పోకెమాన్ విరివిగా కనిపించే కమ్యూనిటీ డే గురించి కాస్త ఎక్కువే చెప్పాలి, ఎందుకంటే అక్కడ మీ చేతిలో ఉండేది కొన్ని గంటలే. 2018 జనవరిలో పికాచూతో మొదలైంది. మొదట్లో మూడు గంటలుండేది, కరోనా కాలంలో ఆరు గంటలు చేశారు, 2022లో మళ్లీ మూడుకి తెచ్చారు, అప్పుడు చాలామంది అలిగారు కూడా. మామూలుగా స్థానిక సమయం మధ్యాహ్నం 2 నుంచి 5 వరకు. ఈ మూడు గంటల్లో ఏం చేశారన్నదానికంటే ముందు రోజు రాత్రి ఏం చేశారన్నదే ఎక్కువ తేడా చూపిస్తుంది. పోకెమాన్ స్టోరేజ్ ఖాళీ చేసుకోవాలి, బ్యాగ్‌లో అక్కర్లేని పోషన్లు పారేసి బాల్స్‌కి చోటు ఇవ్వాలి, ఫోన్ ఛార్జింగ్ చూసుకోవాలి. ఆ నెల వచ్చే పోకెమాన్ మంచిది మీ దగ్గర ముందే ఉంటే దాన్ని ఎవాల్వ్ చేయకుండా (తర్వాతి రూపంలోకి మార్చకుండా) ఆపుకోండి, ప్రత్యేకమైన అటాక్ వచ్చేది ఈవెంట్ సమయంలోనో, దాని తర్వాత ఇచ్చే గడువులోనో ఎవాల్వ్ చేస్తేనే. పట్టుకునేటప్పుడు ఒక్కోదాని స్టాట్స్ చూస్తూ నిలబడకండి, ఆ పని సాయంత్రం ఇంట్లో కూర్చుని చేసుకోవచ్చు. ఒక నెల తప్పిపోయినా కొంప మునగదు, డిసెంబర్‌లో ఆ ఏడాది వచ్చినవాటిని మళ్లీ ఒకసారి చూపిస్తారు.

టైమ్‌జోన్ విషయం చాలామంది పట్టించుకోరు. చాలా గేముల్లో ఈవెంట్ ముగిసేది సర్వర్ సమయం ప్రకారం, మీ గోడ గడియారం ప్రకారం కాదు, ప్రకటనలో 'ఆదివారం వరకు' అని ఉన్నా మీ దగ్గర అది శనివారం రాత్రో సోమవారం ఉదయమో కావచ్చు. పేరు ఎందుకులే గానీ ఒక మొబైల్ గేమ్‌లో అయితే ఈవెంట్ పేజీలో ఒక ముగింపు సమయం, గేమ్ లోపలి టైమర్‌లో ఇంకో సమయం కనిపించాయి. రెండింట్లో ముందు ముగిసేదాన్నే నిజమనుకుని టోకెన్లు ఖర్చు పెట్టేశాను, కస్టమర్ సపోర్ట్‌కి రాస్తే వారం తర్వాత ఒక ధన్యవాదాల మెసేజ్ వచ్చింది. కొన్ని గేముల్లో ఆట ముగిశాక కూడా షాపు మరికొన్ని రోజులు తెరిచి ఉంటుంది, కొన్నింట్లో రెండూ కలిసి మూతపడతాయి. బహుమతి మెయిల్‌లో వస్తే ఆ మెయిల్‌కి కూడా గడువుంటుంది, వచ్చిన రోజే తీసేసుకోండి.

ఇక డబ్బు. బ్యాటిల్ పాస్ (డబ్బు కట్టి, ఆడుతూ స్థాయిలు దాటేకొద్దీ బహుమతులు తీసుకునే పద్ధతి) కొనేవాళ్లకి నేను చెప్పేది ఒకటే, సీజన్ మొదట్లో కొనకండి. ఉచిత పాస్ మీద ఆడుతూ పోండి, చివరికి ఎంత స్థాయికి వచ్చారో చూసి అప్పుడు కొంటే అప్పటిదాకా సంపాదించిన బహుమతులన్నీ ఒకేసారి చేతికొస్తాయి, చాలా గేముల్లో ఇది పనిచేస్తుంది. ముందే కొంటే పెట్టిన డబ్బు గిట్టుబాటు కావాలని ఆడతాం, ఆట కాస్తా డ్యూటీ అయి కూర్చుంటుంది. గడువు లేని పాస్‌లు కూడా వచ్చాయి. హేలో ఇన్ఫినిట్‌లో కొన్న పాస్ సీజన్ అయిపోయినా పూర్తి చేసుకోవచ్చు, హెల్‌డైవర్స్ 2లో పాస్‌ల లాంటి వార్‌బాండ్లకీ గడువు లేదు. ఫోర్ట్‌నైట్ కూడా 2024లో కాస్త మెత్తబడింది, అప్పటినుంచి వచ్చే పాస్ వస్తువులు 18 నెలల తర్వాత షాపులోకి రావచ్చని చెప్పింది. పాతవి అపురూపంగా దాచుకున్నవాళ్లు గొడవ చేశారు. కొత్తగా వచ్చినవాళ్లకి మాత్రం ఊరటే.

లోపల ఏముందో తెలియకుండా కొనే లక్కీ బాక్సుల ఈవెంట్లు నేను ఆడను, ఎవరికీ ఆడమని చెప్పను. కావాల్సినదాని ధర నేరుగా కనిపించని చోట గడువు కూడా పెట్టారంటే, ఆ తొందర మన కోసం పెట్టింది కాదు.

అందరికీ నచ్చకపోవచ్చు గానీ ఒక మాట. వస్తువుల లెక్క పక్కన పెడితే, ఈవెంట్ నిజంగా బాగుండేది గేమ్ వదిలేసిన పాత స్నేహితులు ఆ పది రోజులకి తిరిగొచ్చినప్పుడు. డైలీలు తలుపు వేసుకుని ఒక్కరే చేసుకోవచ్చు, గ్రూపుగా చేయాల్సినవి మాత్రం వాళ్ల కోసం అట్టిపెట్టండి. మొదటి శనివారం అని ముందే చెప్పి పెడితే సగం మంది అయినా వస్తారు. చివరి రోజు అని పెట్టకండి, ఆ రోజు సర్వర్లలో క్యూ ఉంటుంది, పైగా అందరూ తమ మిగిలిపోయిన టోకెన్ల గోలలో ఉంటారు.

ఒక్కదానితో మొదలుపెట్టాలంటే ఏది అని అడిగితే, టైమ్ ఉన్నవాళ్లకి గిల్డ్ వార్స్ 2 డిసెంబర్ వింటర్స్‌డే, టైమ్ లేనివాళ్లకి ఫైనల్ ఫాంటసీ 14లో ఏ పండగైనా సరే, ఫోన్ తప్ప ఏమీ లేనివాళ్లకి కమ్యూనిటీ డే. గెన్షిన్ కథ ముందు నుంచీ ఆడుతుంటేనే లాంతర్ రైట్‌కి వెళ్లండి, లేకపోతే పటాకుల వెలుగు తప్ప ఏమీ పట్టదు.