ద్వారకానగర్ జిరాక్స్ షాపు రెజ్యూమె: స్కానింగ్‌కి నాలుగు స్టార్లు, రాతకి ఒకటిన్నర

విశాఖ ఆర్టీసీ కాంప్లెక్స్ నుంచి ద్వారకానగర్ సందుల్లోకి తిరిగితే పైన కోచింగ్ సెంటర్ల బోర్డులు, కింద జిరాక్స్ షాపులు. రెజ్యూమె టైపింగ్, ఆన్‌లైన్ అప్లికేషన్, పాస్‌పోర్ట్ ఫొటో, స్పైరల్ బైండింగ్ అన్నీ ఒక్క కౌంటర్ మీదే. చేతివేగానికి వంక పెట్టలేం. మీరు ఇంటిపేరు చెప్పేలోగా సగం రెజ్యూమె తయారైపోతుంది, ఎందుకంటే ఆ సగం మీకన్నా ముందొచ్చినాయనది.

చిక్కంతా అక్కడే. పాత ఫైలు తెరిచి, పేరు మార్చి సేవ్ చేస్తారు. పైన పేరు మారుతుంది, అడుగున డిక్లరేషన్ కింద పాతదే ఉండిపోతుంది. పై వివరాలన్నీ నిజమని మీ తరఫున ఇంకెవరో ప్రమాణం చేసినట్టవుతుంది. డబ్బులిచ్చే ముందు నాలుగు చోట్ల చూసుకోండి: పైన, డిక్లరేషన్ కింద, ఫైల్ పేరులో, ఫైల్ ప్రాపర్టీస్‌లో. నాలుగోది ఎవరూ పట్టించుకోరు గానీ, పీడీఎఫ్‌ని బ్రౌజర్‌లో తెరిస్తే చాలాసార్లు ట్యాబ్ మీద కనిపించేది అక్కడి టైటిలే.

తర్వాత ఆబ్జెక్టివ్. ‘చాలెంజింగ్ ఎన్విరాన్‌మెంట్’లో పనిచేసి సంస్థ ఎదుగుదలకు తోడ్పడాలన్న కోరిక పరవాడ ఫార్మాసిటీ కెమిస్టుకీ, రుషికొండ సాఫ్ట్‌వేర్ కుర్రాడికీ, గాజువాక వెల్డరుకీ అచ్చం ఒకేలా పుడుతుంది. తీసేయమనండి. ఆ రెండు లైన్లలో కెమిస్టయితే హెచ్‌పీఎల్‌సీ (మందులో ఏది ఎంతుందో తేల్చే యంత్రం) మీద ఏయే పరీక్షలు చేశారో, వెల్డరయితే 6జీ పొజిషన్ టెస్టు (ఏటవాలుగా బిగించిన పైపుని వెల్డ్ చేసే పరీక్ష) పాసయ్యారో లేదో రాయించండి. చదివేవాడికి కావాల్సింది అదే. హాబీల్లో ‘బుక్స్ రీడింగ్’ దానంతటదే వచ్చేస్తుంది. చివరగా చదివిన పుస్తకం పేరు ఠక్కున చెప్పగలిగితేనే ఉంచండి. మెయిల్ ఐడీలో ‘చిన్నా’, ‘లవ్లీ’, ‘143’ లాంటివుంటే షాపులోనే కొత్తది తెరవండి, రెండు నిమిషాల పని.

డిజైన్ అంటే షాపువాళ్లకి మహా సరదా. రెండు కాలమ్‌లు, రంగు పట్టీ, ఇంగ్లిష్‌కి ఐదింట నాలుగు చుక్కలు. ఆ ఐదో చుక్క ఏమైందని ఇంటర్వ్యూలో అడిగితే చెప్పడానికేం లేదు. అసలు నష్టం వేరే ఉంది: జాబ్ సైట్లలో రెజ్యూమెని ముందు సాఫ్ట్‌వేరే చదువుతుంది. టెక్స్ట్ బాక్సులు, టేబుళ్లు దాని దగ్గర కలగాపులగం అవుతాయి. హెడర్‌లో పెట్టిన ఫోన్ నంబర్‌ని కొన్ని అసలు చూడనే చూడవు. ఒకే కాలమ్, ఒకటి రెండు పేజీలు, నంబర్ పేజీ లోపలే. ‘అదంతా మేం చూసుకుంటాం గురూ’ అంటారు. మీరే చూసుకోండి.

ఇక నాలుగు స్టార్లు ఎందుకంటే ఫొటో, సంతకం పనికి. బ్యాంకు పరీక్షలకు ఐబీపీఎస్ అడిగే ఫొటో 200 బై 230 పిక్సెళ్లు, 20 నుంచి 50 కేబీ. సంతకం 140 బై 60, 10 నుంచి 20 కేబీ. తెల్ల కాగితం మీద నల్ల ఇంకుతో చేయాలి, క్యాపిటల్ లెటర్లలో చేస్తే చెల్లదు. ఈ కొలతలు వీళ్లకి కంఠతా వచ్చు. ఇంట్లో ఫోన్‌తో కుస్తీ పట్టేవాళ్లు సైజు తగ్గించీ తగ్గించీ 8 కేబీకి దించేస్తారు, కింది హద్దు దాటినా ఫారం తీసుకోదు. ఫొటో మీ ఫోన్ నుంచి పంపాల్సొస్తే వాట్సాప్‌లో డాక్యుమెంట్‌గా పంపండి. మామూలుగా పంపితే నలిగిపోయి చేరుతుంది.

ఒక్క షరతు: తెల్లగా చేయనివ్వకండి. రెండు క్లిక్కుల్లో మచ్చలు పోతాయి, రంగు మారుతుంది, మెడకింద నీలం కోటు మొలుస్తుంది. మే నెల విశాఖలో కోటు వేసుకున్నాయన్ని చూసి అనుమానపడని ఇన్విజిలేటర్ ఉండడు. హాల్‌టికెట్ మీద మొహం ఆధార్‌తో కలవకపోతే తెల్లబోయేది మీరే.

ప్రింటు లేజర్‌లోనే తీయించండి. ఇంక్‌జెట్ అక్షరాలు చెమట చెయ్యి తగిలితే అలుక్కుపోతాయి, భీమిలి బస్సులో నించుని రుషికొండ చేరేసరికి చెయ్యి ఎలాగూ తడుస్తుంది. పేపరు 75 జీఎస్ఎం (చదరపు మీటరుకి గ్రాముల బరువు) సరిపోతుంది, 100 జీఎస్ఎం బాండ్ పేపరు మీ సరదా. ఒరిజినల్ సర్టిఫికెట్లకి లామినేషన్ వేద్దామంటే మాత్రం ఒప్పుకోకండి. ప్లాస్టిక్ మీద స్టాంపు నిలవదు, ఊడదీస్తే కాగితమూ దాంతోపాటే వస్తుంది. జేబుల ఫోల్డరు కొనుక్కోండి.

వెళ్లే ముందు మెయిల్, వాట్సాప్ వెబ్ రెండూ లాగౌట్ చేయండి. ఆధార్ ఇవ్వాల్సొస్తే, అప్లికేషన్ పూర్తి నంబర్ అడగనప్పుడు, చివరి నాలుగంకెలే కనిపించే మాస్క్‌డ్ కాపీ ఇవ్వండి. డౌన్‌లోడ్స్‌లో మీ ఫైళ్లు తీసేసి రీసైకిల్ బిన్ కూడా ఖాళీ చేయమనండి. షాపాయన ఏమీ అనుకోడు, వెనక క్యూలో వాళ్లు మాత్రం అనుకుంటారు.