తేలినీలాపురం పక్షుల ఊరు, మా రెండు రోజులు

ముందు లాడ్జి సంగతి చెప్పేస్తాను. శ్రీకాకుళం జిల్లా తేలినీలాపురంలో పక్షుల్ని చూద్దామని వెళ్ళి, టెక్కలిలో దిగాం. దుప్పటి మాసి ఉంది, వేడినీళ్ళు అడిగితే బకెట్ ఇస్తామన్నారు, ఆ బకెట్ తెల్లారేదాకా రాలేదు. పిల్లలతో వెళ్ళేవాళ్ళు శ్రీకాకుళంలోనే ఉండడం మేలు. అక్కడి నుంచి టెక్కలి సుమారు 50 కిలోమీటర్లు, హైవే బాగుంటుంది. రైల్లో వస్తే నౌపడా స్టేషన్ దగ్గర.

టెక్కలి నుంచి ఆటోలో వెళ్ళాం. ఊరు రాకముందే వాసన వచ్చింది. చింతచెట్ల కింద నేలంతా రెట్టతో సున్నం కొట్టినట్టుంది. టోపీ లేకుండా వెళ్ళకండి, మా తమ్ముడి చొక్కాయే సాక్షి.

పైన గూడబాతులు (పెలికాన్లు), ఎర్రకాళ్ళ కొంగలు. చలికాలం ముందు వచ్చి, గుడ్లు పెట్టి, ఎండలు ముదిరేసరికి పిల్లలతో పోతాయి. నౌపడా తంపరలో, అంటే అక్కడి చిత్తడి నేలలో, చేపలు పట్టి తెస్తాయి. గూడబాతు పిల్ల తల్లి గొంతు సంచిలోకి తల మొత్తం దూర్చి తింటుంది! మొదటిసారి చూస్తే తల్లి మింగేస్తోందని హడలిపోతాం. సైబీరియా నుంచి వస్తాయని ఊళ్ళో అంటారు. నిజానికి ఈ రెండు జాతులూ మన దక్షిణాసియా వైపువే. అక్కడ మాత్రం నోరు మూసుకున్నాను.

వాచ్ టవర్ ఎక్కితే గూళ్ళు బాగా కనిపిస్తాయి. కానీ నాకు నచ్చింది ఓ ఇంటి అరుగు. పెరట్లో చెట్టు నిండా గూళ్ళు, కింద బియ్యం చెరుగుతున్న ముసలమ్మ. "ఈ కంపు, ఈ గోల ఎలా భరిస్తున్నారమ్మా?" అన్నాను.

"ఏటి బాబూ, పురిటికి పుట్టింటికొచ్చిన ఆడపిల్లని తోలేస్తామేటి?" అంది. పక్షులు రావడం ఆలస్యమైతే ఆ ఏడు పంట గురించి బెంగ పడతారట. కొమ్మ మీంచి పడ్డ పిల్లను ఎవరి పెరట్లో పడితే వాళ్ళే చూసుకుంటారట.

2018 అక్టోబరులో తిత్లీ తుపాను పలాస దగ్గరే తీరం దాటింది. ఆ రాత్రి మాట ఎత్తగానే చేట పక్కన పెట్టింది. "సెట్లు పడిపోనాయి బాబూ, పక్షులెక్కడ వాల్తాయని మా ఆయన ఏడిసీసేడు."

ఊళ్ళో హోటల్ లేదు, బడ్డీ కొట్టులో టీ, బిస్కెట్లే. టిఫిన్ టెక్కలిలో తినేసి, ఉదయం ఏడుకల్లా చేరుకోండి. మేం తొమ్మిదింటికి వెళ్ళేసరికి సగం పక్షులు మేతకి పోయాయి.