నాలుగుసార్లు ఆ బంకర్ దాటాక, రివాల్వర్ గురించి

ఆమ్నీషియా ద బంకర్ అనే భయం పుట్టించే వీడియో గేమ్ 2023 జూన్‌లో వచ్చింది. నేను ఆ ఏడు దసరా సెలవుల్లో కొన్నాను. ఇప్పటికి నాలుగుసార్లు చివరిదాకా ఆడాను, రెండుసార్లు మధ్యలో వదిలేశాను. కథేమిటి, గ్రాఫిక్స్ ఎలా ఉన్నాయి, ఎలాంటి ల్యాప్‌టాప్ కావాలి అన్నవి ఈపాటికి అందరికీ తెలిసినవే. నేను చెప్పాలనుకున్నది ఒక్కదాని గురించే. అందులో రివాల్వర్‌లోకి బుల్లెట్లు ఎక్కించే పద్ధతి.

స్క్రీన్ మూలన అంకె ఉండదు. 6/24 లాంటిదేమీ కనపడదు. తుపాకిలో ఎన్ని ఉన్నాయో తెలియాలంటే రీలోడ్ మీట నొక్కి పట్టుకోవాలి. అప్పుడు మన సైనికుడు హెన్రీ సిలిండర్ తెరిచి మొహం ముందు పెడతాడు. ఆరు గదుల్లో ఎన్ని నిండి ఉన్నాయో మనమే లెక్కపెట్టుకోవాలి. నింపడమూ అంతే, ఒక్కోటి, ఒక్కోటి. మిగతా ఆటల్లో ఒకసారి మీట నొక్కితే చేతులు వాటంతటవే పని కానిచ్చేస్తాయి. ఇక్కడ ఎన్ని పెట్టాలో, ఎక్కడ ఆపాలో మన ఇష్టం.

వినడానికి చిన్న విషయమే. మొదటి రాత్రి నాకూ అలాగే అనిపించింది. ఎక్కడో వెనకాల గోడలో ఏదో పాకుతున్న చప్పుడు. సిలిండర్ తెరిచి ఒక బుల్లెట్ పెట్టాను, రెండోది పెట్టాను. మూడోదానికి ఆగాలా, మూసేసి తిప్పి పట్టుకోవాలా? ఆ ఒక్క క్షణం కోసమే నేను ఈ ఆట మళ్ళీ మళ్ళీ ఆడుతున్నాను. వేరే ఆటల్లో రీలోడ్ మధ్యలో శత్రువు మీద పడితే 'అయ్యో' అనుకుంటాం, అంతే. ఇక్కడ పడితే తప్పు నాదే, ఎందుకంటే మూడోదానికి కక్కుర్తి పడింది నేనే.

మా చిన్నప్పుడు ఇంట్లో గ్యాస్ బండ సంగతి ఇలాగే ఉండేది. దానికీ మీటర్ లేదు. అమ్మ దాన్ని కాస్త పక్కకి వంచి, అడుగంచు నేలమీద ఇటూ అటూ ఆడించి, "ఇంకో వారం వస్తుందిరా" అనేది. చాలావరకు నిజమయ్యేది. లెక్క తప్పిన రోజు మాత్రం పెనం మీద అట్టు సగం కాలుతుండగా మంట నీలంగా వణికి ఆరిపోయేది. ఈ రివాల్వర్ పట్టుకున్నప్పుడల్లా నాకు ఆ బండే గుర్తొస్తుంది. రెండూ సిలిండర్లే కదా.

కథ జరిగేది 1916లో, మొదటి ప్రపంచయుద్ధం నాటి ఫ్రెంచి బంకర్‌లో. ఆ సైన్యంలో అధికారుల దగ్గర 1892 మోడల్ అని ఒక రివాల్వర్ ఉండేది. అది కూడా ఆరు గుండ్లదే. సిలిండర్ కుడివైపుకి తెరుచుకుంటుంది. కుడిచేత్తో పట్టుకునేవాడికి అది కాస్త వంకర ఏర్పాటే. చరిత్ర పిచ్చి ఉన్నవాళ్ళకి ఇలాంటివి బాగుంటాయి. నాకు అంత పట్టింపు లేదు. ఆ కాలపు తుపాకీ ఒక్కో గుండూ అడుగుతుంది, ఆట ఆ ఇబ్బందిని అలాగే మన చేతికిచ్చింది, నాకది చాలు.

ఇక దెబ్బతిన్న సంగతి చెప్తాను. ఇది రెండోసారి ఆడుతున్నప్పుడు జరిగింది.

ముందు ఒక విషయం తెలియాలి. సేవ్ చేసుకోవాలంటే అడ్మినిస్ట్రేషన్ గదిలో ఉన్న లాంతరు దగ్గరికి తిరిగి రావాల్సిందే. నేను ఆడేది రాత్రి పదిన్నర తర్వాత, పాప పడుకున్నాక, మహా అయితే గంట. అది కూడా రోజూ కుదరదు. ఆ వారం ఒక రాత్రి బయటికి వెళ్ళి, ఒక తలుపు తాళం కప్పని రివాల్వర్‌తో పేల్చి తెరిచి (ఇందులో అలా కుదురుతుంది, అదో ఆనందం), కంగారుగా వెనక్కి వచ్చి సేవ్ చేసి పడుకున్నాను. తర్వాత ఆఫీసు పని మీద విశాఖ వెళ్ళాల్సి వచ్చింది. ఆరు రోజుల తర్వాత మళ్ళీ ఆట తెరిచాను.

తెరిచేసరికి అంతా చీకటి. పోయినసారి జనరేటర్‌లో ఆయిల్ అయిపోయే వేళకి సేవ్ చేసినట్టున్నాను. బంకర్ గోడల్లోంచి మనల్ని వేటాడే మృగం ఒకటుంది, చీకటి ఉంటే అది ఇంకా తిరుగుతుంది, అందుకని ముందు జనరేటర్ గదికి పరుగు. ఉన్న ఒక్క డబ్బా పోశాను, లైట్లు వచ్చాయి. లైట్లు వచ్చాయంటే ఆయిల్ ఖర్చవుతున్నట్టే. జేబులో గడియారం ముల్లు కదులుతోంది. నిలబడి ఆలోచిస్తే ఆలోచించినంతసేపూ కాలిపోతుంది. ఇక బయల్దేరాను. సిలిండర్ చూసుకోలేదు. ఎందుకు చూసుకోలేదంటే, సేవ్ చేసే ముందు ఎప్పుడూ నింపుకునే అలవాటు నాది. కాబట్టి నిండే ఉంటుందన్న ధీమా.

ఆయుధాగారం వైపు పోయే దారిలో చెక్క తలుపు ఒకటి అడ్డం వచ్చింది. దొరికిన ఇటుక పెట్టి కొట్టాను, మళ్ళీ కొట్టాను. విరిగింది కానీ ఆ చప్పుడు బంకర్ అంతా పాకింది. రెండు నిమిషాలు కూడా కాలేదు, పక్క గోడ కన్నంలోంచి మట్టి రాలింది. నేను భయపడలేదు. నిజంగానే. చేతిలో ఆరు గుండ్ల తుపాకి ఉంది, రానీ అనుకున్నాను. తూటాలతో అది చావదు కానీ తగిలితే వెనక్కి తగ్గి కన్నంలోకి పోతుంది, కాస్త సమయం దొరుకుతుంది. వచ్చింది. గురిపెట్టి మొదటిది కాల్చాను, తగల్లేదు. రెండోది నొక్కాను.

టిక్.

ఆ శబ్దం ఎంత చిన్నదో చెప్పలేను. మళ్ళీ నొక్కాను, మళ్ళీ టిక్. సంచిలో విడి బుల్లెట్లు రెండున్నాయి, ఎక్కిద్దామని సిలిండర్ తెరిచాను. ఒకటి పెట్టేలోపే అయిపోయింది. ఆయుధాగారం గుమ్మం ముందు ఖాళీ తుపాకితో చచ్చాను.

తర్వాత కుదురుగా కూర్చుని గుర్తు తెచ్చుకున్నాను. ఆ రోజు తాళం కప్ప ఒక్క దెబ్బకి కాదు, రెండు దెబ్బలకి ఊడింది. మొదటిది గోడకి తగిలింది. అంతకు ముందు ఒక మూలలో నీడని చూసి మృగం అనుకుని మూడు కాల్చాను. సేవ్ చేసే ముందు నింపే అలవాటు నిజమే, కానీ ఆ రోజు పాప లేచి ఏడ్చింది. లెక్క మొత్తం నా బుర్రలో ఉంది, నా బుర్ర విశాఖలో ఉంది.

ఈ పద్ధతిలో ఉన్న అసలు బలహీనత అక్కడే బయటపడింది. ఒకే ఊపులో ఆడేవాడికి సిలిండర్‌లో ఏముందో చేతికి తెలిసిపోతుంది. వారానికి రెండు రాత్రులు, అదీ తెగిపోతూ ఆడే నాలాంటి వాడికి ప్రతిసారీ కొత్త తుపాకి ఇచ్చినట్టే. ఆట తప్పు అని అనలేను. తెరిచి చూసుకోవచ్చు కదా అంటే సమాధానం లేదు. కానీ మొదటిసారి ఆడాక నేను స్నేహితులందరికీ "అంకె తీసేయడం గొప్ప పని, ఇక ఏ ఆటలోనూ అంకె ఉండకూడదు" అని ఉపన్యాసాలిచ్చాను. ఆ మాట ఇప్పుడు అంత గట్టిగా అనను.

ఆ రోజు నుంచి ఆడడం ఆపే ముందు చిన్న కాగితం మీద రాసి ఫ్రిజ్‌కి అంటించడం మొదలుపెట్టాను. చాకలి పద్దులాగా. గుండ్లు 3, ఆయిల్ 1, కట్టు 2. మర్నాడు పొద్దున మా ఆవిడ ఆ కాగితం పట్టుకొచ్చి, "తిరుపతి వెళ్తున్నామా? మూడు గుండ్లు ఎవరెవరికండీ?" అంది. పాపకి ఇంకా పుట్టువెంట్రుకలు తీయించలేదు, అది వేరే గొడవ. అప్పటి నుంచి 'బుల్లెట్లు' అని రాస్తున్నాను.

కొరత సంగతి. మొదటిసారి ఆడుతున్నప్పుడు ఒక్క బుల్లెట్ దొరికితే దేవుడు కనిపించినట్టు ఉండేది. వస్తువులు దొరికే చోట్లు, లాకర్ల కోడ్‌లు ప్రతిసారీ మారిపోతాయి కాబట్టి పోయినసారి ఇక్కడే ఉండె అనుకుని వెళ్ళడం కుదరదు. చనిపోయిన సైనికుల గుర్తింపు బిళ్ళలు వెతికి, వాటి మీద ఉన్న కోడ్‌తో లాకర్ తెరిస్తే ఒక్కోసారి ఒక గుడ్డముక్క ఉంటుంది. ఇంకోసారి రెండు బుల్లెట్లు. ఆ రెండింటికి నేను కుర్చీలోంచి లేచిన రోజులున్నాయి.

మూడోసారికి తెలిసింది, బుల్లెట్లు అంత తక్కువేమీ లేవని. నేనే దాచుకుంటున్నాను. పెళ్ళిలో వచ్చిన వెండి గిన్నెలు బీరువాలో పెట్టి జన్మలో వాడనట్టు. మూడోసారి ఆట ముగిసేసరికి పెట్టెలో, సంచిలో, తుపాకిలో కలిపి పదకొండు మిగిలాయి. వాటిని దాచడం కోసం నేను చచ్చిన చావులు లెక్కపెడితే పదకొండు కంటే ఎక్కువే. తలుపుకి ఇటుక చాలు. అటువైపు సీసా విసిరి చప్పుడు చేస్తే మృగం అటే పోతుంది. ఎలుకల్ని మాంసం ముక్క వేసి పక్కకి లాగొచ్చు. తుపాకి లేకుండానే దాదాపు అన్నీ అవుతాయి.

అసలు కొరత ఆయిల్‌ది. ఈ మాట చెప్పడానికి నాకు కాస్త కష్టంగానే ఉంది, ఎందుకంటే నా ప్రేమంతా రివాల్వర్ మీద. కానీ నాలుగోసారి ఆడుతుంటే నా భయం సిలిండర్‌లోంచి జనరేటర్‌లోకి మారిపోయింది. బుల్లెట్లు మిగలొచ్చు. కాలిపోయిన ఆయిల్ మాత్రం వెనక్కి రాదు, నువ్వు ఏం చేస్తున్నా చేయకపోయినా అది తగ్గుతూనే ఉంటుంది. పైగా డబ్బా ఒక్కోటీ సంచిలో ఒక అర తినేస్తుంది. బుల్లెట్లకి ఒక అర, కట్లకి ఒక అర, ఇక కొత్తగా దొరికినదానికి చోటుండదు. ఈ సర్దుబాటు మీద నాకు మొదటి నుంచీ కోపమే, ఇప్పటికీ తగ్గలేదు. తాళాలు కత్తిరించే పనిముట్టు చేతికొచ్చాక దాన్ని ఎక్కడ పెట్టుకోవాలో తెలియక బుల్లెట్లని నేలమీద పారేసి వచ్చిన రాత్రి కూడా ఉంది.

ఇంకో చిన్న ఫిర్యాదు. చీకట్లో సిలిండర్ తెరిస్తే నిండిన గది ఏదో ఖాళీ ఏదో సరిగ్గా తెలియదు. టార్చి ఉంది, కానీ దానికి తాడు లాగి తిప్పుతుండాలి, ఆ గరగర మృగానికి వినపడుతుంది. అంటే బుల్లెట్లు లెక్కపెట్టుకోవడానికి మృగాన్ని పిలవాలి. కావాలనే ఇలా పెట్టారని అర్థమవుతూనే ఉంది, మెచ్చుకున్నాను కూడా. కానీ నా కళ్ళజోడు పవర్ పోయినేడాది పెరిగింది. ఇరవయ్యేళ్ళవాడికి అది భయంగా ఉంటుందేమో కానీ నాకు సగం భయం, సగం కళ్ళ డాక్టర్ దగ్గరికి వెళ్ళినట్టు. స్క్రీన్ కాంతి కాస్త పెంచుకుంటే సర్దుకుంటుంది. పెంచానన్న సిగ్గు మాత్రం ఉంటుంది.

అనుకోకుండా జరిగిన మంచి ఒకటి చెప్పకపోతే అన్యాయం. ఈ ఆట తర్వాత రెసిడెంట్ ఈవిల్ 2 కొత్త రూపం, 2019లో వచ్చినది, మళ్ళీ పెట్టాను. అప్పట్లో నాకు అది బుల్లెట్ల పొదుపుకి పరాకాష్ఠ. మందుగుండు పొడి రెండు కలిపితే తూటాలవుతాయి, ఏ పొడిని దేనితో కలపాలా అని మెట్ల మీద నిలబడి ఆలోచించేవాణ్ణి. ఇప్పటికీ అది మంచి ఆటే. కానీ నా కళ్ళు జాంబీ మీద లేవు, మూలనున్న అంకె మీదున్నాయి. అంకె మూడైంది, వెనక్కి తగ్గు. అంకె పన్నెండైంది, ముందుకు పద. అన్నేళ్ళు నేను ఆడింది ఆ అంకెతోనే అని అప్పుడు తెలిసింది. ఒకసారి తెలిశాక దాన్ని చూడకుండా ఉండలేకపోతున్నాను. ఆ ఆటని బంకర్ నాకు కాస్త పాడుచేసింది, దీన్ని మంచి అనాలో కాదో తెలీదు.

కొనాలా అని అడిగితే నా సమాధానం మీ రాత్రుల మీద ఆధారపడి ఉంటుంది. వరసగా మూడు నాలుగు గంటలు కూర్చోగలిగితే, చెవుల్లో మంచి హెడ్‌ఫోన్స్ ఉంటే, ఈ రివాల్వర్ లాంటిది నేను ఇంకెక్కడా పట్టుకోలేదు. చిన్నపిల్లల ఇల్లయితే, గంటకోసారి లేవాల్సి వస్తే, ఫ్రిజ్ మీద కాగితం తప్పదు. తుపాకి పట్టుకుని కాల్చుకుంటూ పోదామనుకునేవాళ్ళకి ఇది అసలు పనికిరాదు. మా తమ్ముడు అరగంటలో "ఏంట్రా అన్నయ్యా, ఒక్కోటీ పెట్టాలా?" అని పక్కన పడేశాడు. వాడిదీ తప్పు కాదు.

2023 అక్టోబర్‌లో వచ్చిన అప్‌డేట్‌తో షెల్ షాక్డ్ అని ఇంకా కష్టమైన స్థాయి, మనకి నచ్చినట్టు మార్చుకునే స్థాయి వచ్చాయి. బుల్లెట్లు దాచుకునే నా జబ్బుకి అదే మందని ఐదోసారి షెల్ షాక్డ్‌లో మొదలుపెట్టాను. ఇప్పటిదాకా దొరికినవన్నీ వెంటనే వాడేయాలని నియమం పెట్టుకున్నాను, సగం పాటిస్తున్నాను. నిన్న రాత్రి సేవ్ చేసే ముందు సిలిండర్ తెరిచి చూశాను. నాలుగున్నాయనుకున్నాను. రెండే ఉన్నాయి.